అది వెనిస్ ఖజానా పెట్టె కాదండీ

సంపాదకుల వారికి,

నమస్కారం. మొన్న ఆదివారం మీ అనుబంధంలో హంగేరీ రాజుకీ వెనిస్ వర్తకులకీ జరిగిన యుద్ధం గురించి వచ్చిన వ్యాసం చదివాను. ఇలాంటి విషయానికి మన తెలుగు పేపర్లో ఒక పేజీ దొరకడమే గొప్ప, అందుకు ముందుగా ధన్యవాదాలు. రాసినవారు కష్టపడ్డారు, కాదనను. కానీ పేజీ మధ్యలో వేసిన ఫొటో కింద ‘వెనిస్ వర్తకుల ఖజానా పెట్టె’ అని చదివేసరికి నాకు టీ పొలమారింది.

అది ఖజానా పెట్టె కాదండీ, శవపేటిక. లోపల సెయింట్ సిమియన్ అనే పుణ్యపురుషుడి దేహం ఉందని అక్కడివారి నమ్మకం. వెనిస్‌తో ఆ పెట్టెకున్న సంబంధమల్లా పగ సంబంధమే. వెనిస్‌ని ఓడించిన హంగేరీ రాజు భార్య దాన్ని చేయించింది. మీ ఫొటోలో కుడివైపు పలక చూడండి, పడవ దిగి వస్తున్న గడ్డం మనిషి కనిపిస్తాడు. ఆయనే రాజు లూయీ. హంగేరీ వాళ్లు లాయోష్ అంటారు. వెనిస్ చేతిలోంచి లాక్కున్న ఊళ్లో అడుగుపెడుతున్నాడు. అలాంటి పెట్టెని వెనిస్ ఖజానా అనడం, గెలిచినవాడి కప్పు మీద ఓడినవాడి పేరు చెక్కించడమే.

ఇంత గట్టిగా చెప్పడానికి కారణం, ఆ పెట్టె ముందు నేను ముప్పావు గంట నిలబడ్డాను. గుంటూరులో ఒక మిర్చి కమీషన్ కొట్లో ముప్పై ఎనిమిదేళ్లు గుమస్తాగా చేసి రిటైరయ్యాను. చదివింది ఇంటర్ వరకే. మా అమ్మాయి, అల్లుడుగారు మ్యూనిచ్‌లో ఉంటారు. వాళ్ల దగ్గరికి వెళ్లినప్పుడు ‘మామయ్యగారూ, కారులో సముద్రం చూసొద్దాం’ అని అల్లుడుగారు క్రొయేషియా తీసుకెళ్లారు. జాదర్ అనే ఊళ్లో దిగాం. ఈ యుద్ధమంతా ఆ ఊరి కోసమే. వెనిస్ వాళ్లు దాన్ని జారా అనేవారు. అందరూ ఐస్‌క్రీమ్‌కి వెళ్తే నేనూ మా మనవరాలూ ఎండకి తాళలేక పక్కనే ఉన్న చర్చిలోకి దూరాం.

పెట్టె చర్చిలో పీఠం మీద ఎత్తులో ఉంది. కంచు దేవదూతలు మోస్తున్నట్టు నిలబెట్టారు. లోపల దేవదారు చెక్క, పైన వెండి తాపడం, బంగారు పూత. మూత మీద గడ్డం ముసలాయన పడుకున్నట్టు పోత పోశారు. మిలాన్ నుంచి వచ్చి జాదర్‌లో స్థిరపడిన ఫ్రాంచెస్కో అనే కంసాలి 1377లో మొదలుపెట్టి 1380లో ముగించాడు. నేను అడిగిన మొదటి ప్రశ్న ‘ఎంత వెండి పట్టింది?’ అని. అలవాటు ఎక్కడికి పోతుంది? దాదాపు పావు టన్ను అన్నారు. వెనకవైపు పలకలో రాణి ఎలిజబెత్ ముగ్గురు కూతుళ్లతో నిలబడి ఈ పెట్టెని సిమియన్‌కి సమర్పించుకుంటున్న బొమ్మ. ఇంకో బొమ్మకి ఒక కథ చెబుతారు. రాణి ఆ దేహం వేలి ముక్క ఒకటి దొంగిలించి రవికెలో దాచుకుందట, అక్కడ పురుగు పట్టిందట, తిరిగి పెట్టేశాకే నయమైందట. ‘తాతయ్యా, దొంగతనం చేసి దాన్నే బొమ్మ వేయించుకుందా?’ అని మా మనవరాలు అడిగింది. జవాబు చెప్పలేకపోయాను.

ఫొటో సంగతి అంతే. నాకు అసలు అభ్యంతరం వ్యాసం ముగింపు మీద. 1358లో జాదర్ ఒడంబడికతో వెనిస్ వర్తకులు రాజు ముందు మోకరిల్లారనీ, కత్తి ముందు త్రాసు నిలవదని ఆ యుద్ధం తేల్చిందనీ రాశారు. ఇది ఏడాది మధ్యలో చిట్టా మూసేసి లాభనష్టాలు తీసినట్టుంది. మా కొట్లో ఏ కుర్రాడైనా అలా చేస్తే షావుకారు పుస్తకం మొహాన కొట్టేవారు.

పుస్తకం మొదటి పేజీ నుంచి తిప్పాలి. ఈ గొడవకి మొదటి పద్దు ఒక బాకీ. నాలుగో క్రూసేడ్‌కి, అంటే జెరూసలెం కోసం క్రైస్తవులు చేసిన మతయుద్ధానికి, వెళ్లే సైన్యాన్ని ఓడల్లో చేరవేయడానికి వెనిస్ ఒప్పుకుంది. మనిషికి రెండు మార్కులు (మార్కు అంటే అప్పటి వెండి తూకం), గుర్రానికి నాలుగు, మొత్తం 85,000 వెండి మార్కులు. ఓడలు కట్టడానికి వెనిస్ తన మిగతా పనులు ఆపుకుంది. తీరా చూస్తే రావలసిన సైన్యంలో మూడో వంతే వచ్చింది. ఎంత గీకినా 34,000 మార్కులు తక్కువ పడ్డాయి. అప్పుడు వెనిస్ పాలకుడు, దోజె అంటారు, పేరు ఎన్రికో దండోలో, కళ్లు లేని ముసలివాడు, ఒక బేరం పెట్టాడు. ‘దారిలో జారా ఉంది. మా మీద తిరగబడి హంగేరీ రాజు పంచన చేరింది. అది పట్టిచ్చి వెళ్లండి, బాకీకి వాయిదా ఇస్తాం’ అని. హంగేరీ రాజు కూడా క్రైస్తవుడే, ఆయనా క్రూసేడ్‌కి మొక్కుకున్నవాడే. ఊరివాళ్లు గోడల మీద శిలువ గుర్తులున్న గుడ్డలు వేలాడదీశారు. ఎవరూ ఆగలేదు. 1202 నవంబర్‌లో ఊరు పడిపోయింది. పోప్ వెలివేశాడు. అయినా పద్దు పద్దే.

ఆ ఊరే ఎందుకంటారా? మ్యాప్ తీసి చూడండి. ఏడ్రియాటిక్ సముద్రానికి ఇటలీ వైపు ఒడ్డు బల్లపరుపుగా ఉంటుంది, గాలివాన వస్తే ఓడ దాగడానికి చోటు తక్కువ. అటువైపు ఒడ్డున దీవులే దీవులు, లోతైన రేవులు. తెడ్లు వేసే వెనిస్ గేలీల్లో మనుషులు వందకు పైనే ఉంటారు, నీళ్లకీ రొట్టెకీ తరచూ ఒడ్డు పట్టాల్సిందే. మిరియాలకి అలెగ్జాండ్రియా వెళ్లాలన్నా, పట్టుకి కాన్‌స్టాంటినోపుల్ వెళ్లాలన్నా ఈ ఒడ్డు వెంబడే పోవాలి. ఇంకా ఆ పక్కనే పాగ్ దీవి, అక్కడ ఉప్పు మళ్లు. ఉప్పు అంటే వెనిస్‌కి ప్రాణం, అమ్మకమంతా సర్కారు గుప్పిట్లోనే. మా చినగంజాం ఉప్పు కొటార్లు చూసినవాళ్లకి ఉప్పు కోసం ఊరు కొట్టేస్తారా అనిపించవచ్చు. ఐస్ లేని కాలంలో చేపా మాంసమూ నిలవ ఉండాలంటే ఇంకేముంది చెప్పండి.

ఇక లూయీ. 1342లో పదహారేళ్లకి గద్దెనెక్కాడు. 1345లో జారా మళ్లీ వెనిస్ మీద తిరగబడింది. వెనిస్ నేల మీదా నీటి మీదా చుట్టేసింది. ఊరికి ఎదురుగా కొయ్యలతో ఏకంగా కోటే కట్టింది. 1346లో లూయీ పెద్ద సైన్యంతో వచ్చాడు, జులై 1న తలపడి ఓడిపోయి వెనక్కి పోయాడు. డిసెంబర్లో ఊరు లొంగిపోయింది. అంతకుముందు ఏడే ఆయన తమ్ముడిని నేపుల్స్ రాజ్యంలో చంపేశారు, దృష్టి అటు మళ్లింది. 1348లో ప్లేగు వచ్చి అందరి లెక్కలూ చెరిపేసింది. ఎనిమిదేళ్ల గడువుతో సంధి చేసుకున్నారు.

గడువు తీరగానే 1356లో లూయీ మళ్లీ వచ్చాడు. ఈసారి తెలివిగా వచ్చాడు. ఓడల్లేని రాజు సముద్రం మీది ఊరిని కొట్టడం కష్టమని గ్రహించి వెనిస్ పెరడు పట్టుకున్నాడు. ఇటలీ నేల మీద ట్రెవిసోని ముట్టడించాడు. వింతేమిటంటే జొవాన్ని డోల్ఫిన్ అనే ఆయన్ని కొత్త దోజెగా ఎన్నుకున్నారని కబురొచ్చేసరికి ఆయన ఆ ట్రెవిసో ముట్టడిలోనే ఇరుక్కుని ఉన్నాడు! ఏదోలా బయటపడి వచ్చి పీఠమెక్కాడు. ఈలోగా అటు ఒడ్డున స్ప్లిట్, ట్రొగీర్ ఊళ్లు వెనిస్ వాళ్లని తరిమేశాయి, జారా కూడా రాజు చేతికొచ్చింది. 1358 ఫిబ్రవరి 18న అక్కడి ఫ్రాన్సిస్ సన్యాసుల మఠంలో సంతకాలయ్యాయి. ఆ ఒడ్డంతా, ఉత్తరాన క్వార్నెరో ఖాతం మధ్య నుంచి దక్షిణాన డురాజో హద్దుదాకా, వెనిస్ వదులుకుంది. డాల్మేషియా అంటే ఈ ఒడ్డే. ‘డాల్మేషియాకూ క్రొయేషియాకూ డ్యూక్’ అన్న బిరుదు కూడా దోజె పేరు పక్క నుంచి కొట్టేశారు.

బిరుదు మాట వచ్చింది కాబట్టి, 1204లో కాన్‌స్టాంటినోపుల్ పంచుకున్నాక దోజెకి ఇంకో బిరుదు తగిలింది. ‘ఆ సామ్రాజ్యంలో నాలుగో వంతుకీ, ఆ నాలుగో వంతులో సగానికీ ప్రభువు’ అని. అంటే ఎనిమిదింట మూడు వాటాలు. మన రాజులకి గండరగండడు, మూరురాయరగండడు అని ఉండేవి, బిరుదులో భిన్నం రాసుకున్న పాలకుడిని నేను ఇంకెక్కడా చూడలేదు. ఇలాంటివాళ్లు ఒక సంతకంతో ఊరుకుంటారా?

ఇక్కడ మా కొట్టు ముచ్చట ఒకటి చెప్పాలి. మా షావుకారుకి యార్డుకి దగ్గర్లో ఒక గోడౌన్ ఉండేది. పలుకుబడి ఉన్న ఒకాయన పాత కాగితాలేవో తీసి కోర్టుకెక్కి గెలిచాడు. తాళాలు ఇచ్చేసిన రోజు హమాలీలు కూడా కన్నీళ్లు పెట్టారు. షావుకారు మాత్రం ఆ సాయంత్రం నన్ను పిలిచి ‘ఆ గోడౌన్ పేజీ చించకు, బాకీ కింద ఉంచు’ అన్నారు. పంతొమ్మిదేళ్లకి ఆ పెద్దమనిషి పోయాడు, వారసుల్లో ఒకడికి అర్జెంటుగా డబ్బు కావాల్సొచ్చింది. మార్కెట్ ధరకంటే తక్కువకి మా షావుకారే కొన్నారు. ఆ రిజిస్ట్రేషన్‌కి స్టాంపు కాగితాలు తెచ్చింది నేనే. జాదర్ కథ చదువుతుంటే నాకు మా షావుకారు మొహమే కనిపించింది.

1378లో లూయీ ఓడల కొరత తీర్చుకున్నాడు. వెనిస్‌కి పాత శత్రువైన జెనోవాతో చేతులు కలిపాడు, పక్కనున్న పాదువా ప్రభువూ కలిశాడు. 1379లో పోలా దగ్గర వెనిస్ నౌకాదళం చిత్తయింది. ఓడిన సేనాని వెత్తోర్ పిసానిని జైల్లో పెట్టారు. ఆగస్టు 16న జెనోవా వాళ్లు కియోజా పట్టుకున్నారు. కియోజా అంటే వెనిస్ వాకిలి, అదే ఉప్పునీటి మడుగుకి దక్షిణపు కొస. ఇక గడపలోకి రావడమే తరువాయి. పిసాని లేకపోతే ఓడలెక్కబోమని జనం పట్టుబట్టారు, జైలు నుంచి తీసుకొచ్చారు. డెబ్బై దాటిన దోజె ఆండ్రియా కాంటారిని తనే ఓడెక్కి, కియోజా దక్కేదాకా తిరిగి రానన్నాడు. డిసెంబర్ చివర చీకట్లో రాళ్లు నింపిన పాత ఓడలని కాలవల్లో ముంచి కియోజా దారులు మూసేశారు. ముట్టడించినవాడే ముట్టడిలో చిక్కాడు. జెనోవా సేనాని పియెత్రో డోరియా ఫిరంగి దెబ్బకి కూలిన గోపురం కింద పడి చచ్చాడు. 1380 జూన్‌లో తిండి లేక మిగిలినవాళ్లు లొంగిపోయారు.

ఇదంతా వినడానికి బాగుంటుంది, సినిమా తీయొచ్చు. నాకు మాత్రం వెనిస్ ఖర్చుల పుస్తకమే ఎక్కువ ఇష్టం. అక్కడ ఆస్తిపరులందరూ ఆస్తికి తగ్గట్టు సర్కారుకి అప్పివ్వాలి, ఇష్టమున్నా లేకపోయినా. నూటికి ఐదు వడ్డీ. ఆ పత్రాలు రియాల్టో బజారులో కొనుక్కోవచ్చు, అమ్ముకోవచ్చు. యుద్ధానికి ముందు నూరు డకెట్ల (డకెట్ వెనిస్ బంగారు నాణెం) పత్రం తొంభై పైన పలికింది. యుద్ధం ముగిసేసరికి ఇరవై కూడా రాలేదు. ఆడపిల్ల పెళ్లికని ఆ కాగితాలు దాచుకున్న ఇళ్లు ఎన్ని మునిగాయో. వాళ్ల గురించి ఎవరూ వెండి పలక చెక్కలేదు. యుద్ధంలో డబ్బూ మనుషులూ ఇచ్చిన ముప్పై కుటుంబాలకి 1381లో వెనిస్‌ని ఏలే మహాసభలో చోటిచ్చారు. రిపబ్లిక్ అనగానే మన ఓటులాంటిది అనుకోకండి, ఆ సభ తలుపులు 1297 నుంచి కొత్తవాళ్లకి మూసే ఉన్నాయి. అలాంటిది కొత్తగా ముప్పై కుటుంబాలని రానిచ్చారంటే ఎంత వణికిపోయారో చూడండి.

1381 ఆగస్టులో ట్యూరిన్‌లో సంధి. కియోజా గెలిచినా వెనిస్‌కి డాల్మేషియా రాలేదు. పైగా హంగేరీకి ఏడాదికి 7,000 డకెట్లు కట్టాలి. డకెట్ అంటే సుమారు మూడున్నర గ్రాముల మేలిమి బంగారం, మన వరహాకి ఇంచుమించు సమానం. అంటే ఏటా పాతిక కిలోల బంగారం. వ్యాసం రాసినవారు ఇది చూపించి ఉంటే ‘మోకరిల్లారు’ అన్న మాటకి కొంత బలం వచ్చేది.

మరుసటి ఏడే, 1382 సెప్టెంబర్‌లో లూయీ చనిపోయాడు. కొడుకుల్లేరు. పదకొండేళ్ల మేరీకి కిరీటం పెట్టారు. పెట్టె చేయించిన రాణి ఎలిజబెత్ ఆమెకి అండగా రాజ్యం నడిపింది. పగలు పెరిగి తల్లీకూతుళ్లని పట్టుకుని నోవిగ్రాద్ కోటలో పెట్టారు. 1387 జనవరిలో ఎలిజబెత్‌ని గొంతు నులిమి చంపేశారు. ఆ కోట జాదర్‌కి దగ్గరే. తన వెండి పెట్టె ఉన్న ఊరికి అంత దగ్గరలో చచ్చిపోయింది పాపం. కూతురు మేరీని విడిపించడానికి సాయం వెళ్లిన ఓడలు ఎవరివో తెలుసా? వెనిస్‌వి.

తర్వాత హంగేరీ గద్దె కోసం ఇద్దరు పోటీ. మేరీ భర్త సిగిస్మండ్ ఒకడు, నేపుల్స్ రాజు లాడిస్లావ్ ఇంకొకడు. లాడిస్లావ్ 1403లో జాదర్ వచ్చి హంగేరీ రాజునంటూ కిరీటం పెట్టుకుని, గాలి వాటం చూసి ఇంటికి పోయాడు. ఆయనకి ఇటలీలో యుద్ధాలకి డబ్బు కావాలి. 1409 జులై 9న జాదర్, నోవిగ్రాద్, వ్రానా, ఉప్పుల పాగ్, వాటితోపాటు మొత్తం డాల్మేషియా మీద తనకున్న హక్కంతా వెనిస్‌కి అమ్మేశాడు. ధర లక్ష డకెట్లు.

లక్ష డకెట్లంటే మూడున్నర క్వింటాళ్ల బంగారం. మా లెక్కలో చెప్పాలంటే దాదాపు ఎనిమిది మిర్చి టిక్కీల (బస్తాల) తూకం. రెండు వందల ఏళ్లు ఓడలూ మనుషులూ ముంచుకున్న ఒడ్డు, ఒక ట్రాలీ ఆటోలో పట్టే సరుకుకి చేతులు మారింది. సిగిస్మండ్ ఒప్పుకోలేదు, పోట్లాడాడు, 1420కల్లా స్ప్లిట్, ట్రొగీర్ కూడా వెనిస్‌కే పోయాయి. జాదర్ అయితే 1797లో వెనిస్ రిపబ్లిక్కే పోయేదాకా వాళ్ల దగ్గరే ఉంది. అంటే రాజు గెలిచి ఉంచుకున్నది యాభై ఒక్క ఏళ్లు, వర్తకులు కొని ఉంచుకున్నది మూడు వందల ఎనభై ఎనిమిదేళ్లు. చేతివేళ్ల మీద కాదు, కాగితం మీదే కట్టాను.

అలాగని నేను వెనిస్ పక్షమని అనుకోవద్దు. నన్ను బాధపెట్టేది జాదర్ వాళ్ల సంగతే. వెనిస్ వద్దని 1202 కంటే ముందు నుంచీ అన్నిసార్లు తిరగబడ్డారు, పిల్లల్ని పస్తులు పెట్టుకున్నారు, చివరికి ఊరు చూసి పోయినవాడొకడు వాళ్లని గోడౌన్ సరుకులా అమ్మేశాడు. అమ్మకానికి ముందు వాళ్లని ఒక్క మాట అడిగినవాడు లేడు. అడగాలని ఎవరికీ తోచి కూడా ఉండదు.

మనకి దీంతో పనేముందని కొందరు అడగవచ్చు. మొదటిసారి విజయనగరం గురించి యూరప్‌కి వివరంగా చెప్పిన నికొలో కాంటి, 1420 ప్రాంతంలో మన నేల తొక్కినవాడు, పుట్టింది ఆ కియోజాలోనే, యుద్ధం చల్లారిన కొన్నేళ్లకి. అంతకుముందు మన మోటుపల్లి గురించి, వజ్రాల గురించి, సాలెగూడులాంటి బట్టల గురించి చెప్పిన మార్కో పోలో వెనిస్‌వాడే. ఆ మోటుపల్లి వీరభద్రుడి గుళ్లో 1244 నాటి గణపతిదేవుడి శాసనం ఉంది. చీరాల నుంచి ఆటో కట్టించుకుని వెళ్లి చూశాను. తుఫానుకి ఒడ్డుకి కొట్టుకొచ్చిన ఓడల్లో సరుకంతా పూర్వపు రాజులు లాక్కునేవారట. ప్రాణంకంటే ధనమే ఎక్కువనుకుని సముద్రానికి తెగించినవాళ్లు కదా వీళ్లు అని జాలిపడి, ముప్పైలో ఒక వంతు సుంకం తప్ప ఇంకేమీ ముట్టనని గణపతిదేవుడు రాతి మీద రాయించాడు. మూడుంపావు శాతానికి కాస్త పైన, అదిన్నీ నిండా మూడున్నర కాదు. మా యార్డులో ఆ రేటు వింటే రైతులు పూలదండ వేస్తారు.

ఉత్తరం పొడుగైంది, తగ్గించి వేసుకోండి. లెక్కలు మాత్రం మార్చకండి. ఫొటో కింద సవరణ వేయదలిస్తే ‘జాదర్ సెయింట్ సిమియన్ వెండి పేటిక, 1380, హంగేరీ రాణి ఎలిజబెత్ చేయించినది’ అని రాస్తే చాలు. లోపలి పేజీలో మూలన కాకుండా ఆదివారం అనుబంధంలోనే వేయండి. మా అమ్మాయి మ్యూనిచ్‌లో ఫోన్‌లో ఆదివారం పేపర్ ఒక్కటే తెరుస్తుంది. ఆ ఫొటో చూసి మా మనవరాలు అప్పుడే ఫోన్ చేసింది, ‘తాతయ్యా, వేలు దొంగిలించిన రాణి పెట్టెని వాళ్లు దొంగిలించేశారు’ అని.

ఇట్లు,
ఒక రిటైర్డ్ మిర్చి కొట్టు గుమస్తా,
గుంటూరు